కథ ఒకటి, నిజం ఒకటి: ఈ ఏడాది ఏ పుస్తకాలు కొందాం?

రమణి (రావులపాలెం)

అందరికీ నమస్కారం. మా వీధి ఆడవాళ్ళం కొందరం ఆదివారం మధ్యాహ్నాలు మా వసారాలో కూర్చుని పుస్తకం చదువుకుంటాం. ఒకరు పైకి చదువుతారు, మిగతావాళ్ళు వింటారు. ఒకావిడ కుట్టుపని తెచ్చుకుంటుంది, ఇద్దరు పూలు కడుతూ వింటారు. ఇన్నాళ్ళూ వారపత్రికల సీరియల్ నవలలతో గడిచిపోయింది. ఇప్పుడు తలా కొంత వేసుకుని కొత్త పుస్తకాలు కొనాలనుకుంటున్నాం. పేచీ ఇక్కడే వచ్చింది. సగం మంది నవలలు కావాలంటారు. మిగతా సగం మంది "కట్టుకథలు చాలు, నిజంగా జరిగినవి చదువుదాం" అంటారు. పోగైన డబ్బులు నాలుగు పుస్తకాలకి మించి రావు.

దయచేసి "తప్పక చదవాల్సిన వంద పుస్తకాలు" లాంటి లిస్టులు పెట్టకండి. అవి ఎక్కడపడితే అక్కడ దొరుకుతున్నాయి, చదివితే ఇంకా అయోమయం పెరుగుతోంది. మీరు చదివి, పక్కవాళ్ళకి ఇచ్చి, వాళ్ళు చదివాక మీరూ వాళ్ళూ మాట్లాడుకున్న పుస్తకం ఏదైనా ఉంటే చెప్పండి. దాన్ని ఎలా ఎంచుకున్నారో కూడా చెప్పండి. మాలో ఇద్దరికి చత్వారం ఉంది, అక్షరం కాస్త పెద్దదైతే మేలు.

తణుకు మాస్టారు

రమణి గారూ, కథా నిజమా అని చీట్లు వేసుకోవద్దమ్మా. ఒకే విషయం మీద ఒక నవల, ఒక నిజం పుస్తకం జతగా తీసుకోండి. ఆ రెండూ ఒకదానితో ఒకటి ఒప్పుకోనివైతే ఇంకా మంచిది. అప్పుడు మీ వసారాలో మాటలు వాటంతట అవే నడుస్తాయి.

నేను చాలామందికి ఇచ్చిన జత చెబుతాను. మహీధర రామమోహనరావు గారి "కొల్లాయిగట్టితేనేమి?" నవల. ఆయనది కోనసీమలోని ముంగండ. సహాయ నిరాకరణ ఉద్యమం నాటికి కోనసీమ అగ్రహారాలు ఎలా ఉండేవో అందులో కళ్ళకు కడుతుంది. గాంధీ గారి పిలుపు విని చదువు మానేసి వచ్చిన కుర్రాడికి ఊరు దండ వేసి స్వాగతం చెప్పదు. ఇల్లు, కులం, పెళ్ళి, ఆస్తి ఒక్కొక్కటీ అడ్డం నిలబడతాయి. ఉద్యమం అంటే సభలూ ఊరేగింపులూ అనుకునేవాళ్ళకి, అది వంటింటి దాకా ఎలా వచ్చిందో ఈ నవల చెబుతుంది. 

దీనికి జతగా శ్రీపాద సుబ్రహ్మణ్య శాస్త్రి గారి "అనుభవాలూ జ్ఞాపకాలూనూ". ఆయన 1891లో అనపర్తి దగ్గర పొలమూరులో పుట్టారు. మంచి కథకుడని అందరికీ తెలుసు. ఖద్దరునీ హిందీనీ గట్టిగా వ్యతిరేకించిన మనిషి అని చాలామందికి తెలియదు. అంటే నవలలో కుర్రాడు దేనికోసం ఇల్లు వదిలాడో, ఈ ఆత్మకథ రాసినాయన దాన్నే కాదంటారు. ఇద్దరిదీ ఈ నేలే, ఇంచుమించు అదే కాలం. ఇద్దరిలో ఎవరు సరి అని మీకు నేను చెప్పను. మీరే తేల్చుకోండి.

శ్రీపాద వారి తెలుగు పైకి చదవడానికే పుట్టింది. సంస్కృత పండితుల ఇంట్లో పుట్టి, తెలుగులో రాయాలన్న కోరికని ఇంట్లోవాళ్ళ దగ్గర దాచుకున్న పిల్లవాడి బాధ అందులో ఉంది. ఆ భాగం ఒక ఆదివారానికి పెట్టుకోండి.

లంక రైతు (ముక్తేశ్వరం దగ్గర)

మాస్టారి మాట నాకు నచ్చిందండి. నేను పెద్దగా చదువుకున్నవాణ్ణి కాదు, కొబ్బరి, అరటి సాగు. నా ఎంపిక ఒకటే. మా ఇంట్లో రోజూ దేని గురించి మాట్లాడుకుంటామో దాని మీద పుస్తకం వెతుక్కుంటాను. గోదావరి మధ్య మా లంకల్లో జూలై వచ్చిందంటే అందరి నోటా ఒకటే మాట, ధవళేశ్వరం దగ్గర ఎన్ని లక్షల క్యూసెక్కులు. పది దాటితే మొదటి హెచ్చరిక, పదమూడుకి రెండోది, పదిహేడుకి మూడోది. మూడోది వచ్చిందంటే పశువుల్ని గట్టు మీదకి తోలాలి. ఎనభై ఆరులో 35 లక్షలు దాటింది, ఇప్పటికీ మా వైపు లెక్కలన్నీ ఆ వరదతోనే.

అందుకని నేను నీళ్ళ పుస్తకాలు పట్టుకున్నాను. ఏనుగుల వీరాస్వామయ్య గారి "కాశీయాత్ర చరిత్ర" చదవండి. 1830లో మద్రాసు నుంచి కాశీకి బయలుదేరి, మరుసటి ఏడు తిరిగొచ్చారు. తిరుగు ప్రయాణం మన కోస్తా మీదుగానే. ఏ ఊళ్ళో ఏం దొరుకుతుంది, మంచినీళ్ళు ఎలా ఉన్నాయి, ఎవరు సాయం చేశారు అన్నీ రాసుకుంటూ వచ్చారు. ధవళేశ్వరం ఆనకట్ట కట్టింది 1847 నుంచి 1852 దాకా. అంటే ఈయన చూసిన గోదావరికి ఆనకట్ట లేదు, మనం ఇప్పుడు చూసే ఈ కాలవల వ్యవస్థా లేదు. నేను పుట్టినప్పటి నుంచీ చూస్తున్న ఈ పచ్చదనం ఎప్పటినుంచో ఇలాగే ఉందనుకునేవాళ్ళు ఆ పుస్తకం చదవాలండి.

నవల వైపు నేను తక్కువ. కథ ఒకటి చెబుతాను, పాలగుమ్మి పద్మరాజు గారి "గాలివాన". రైలు, తుపాను రాత్రి, నీతినియమాలు గట్టిగా పాటించే ఒక పెద్దమనిషి, ఒక బిచ్చగత్తె. అంతే. తొంభై ఆరు నవంబరు తుపాను రాత్రి మా ఇంట్లో ఉన్నవాళ్ళు ఎవరూ ఆ కథని మామూలుగా వినలేరు. తలుపు ఒత్తిపట్టుకుని నిలబడటం అంటే ఏమిటో మాకు తెలుసు.

చెరువు గట్టు (భీమవరం)

కాస్త వేరే మాట చెబుతాను, ఎవరూ ఏమీ అనుకోకండి. నాకు నవలలు పట్టవు. రొయ్యల చెరువులు చూసుకుంటాను. రాత్రి రెండింటికి చెరువు నీళ్ళకి గాలి ఎక్కించే ఏరేటర్ ఆగిపోతే లేచి పరిగెత్తాలి, మేత రేటు పెరిగితే టెన్షన్, కౌంట్ రేటు (కిలోకి ఎన్ని రొయ్యలు తూగుతాయో దాన్నిబట్టి కట్టే రేటు) పడితే టెన్షన్. ఉన్న ఆ కాస్త టైమ్‌లో లేని మనుషుల గురించి చదివి ఏం చేయాలి? పనికొచ్చేది చదువుదామని వ్యాపారం మీద, డబ్బు మీద అనువాద పుస్తకాలు కొన్నాను. మూడో చాప్టర్ దాటలేదు, అన్నిట్లోనూ ఒకటే మాట తిప్పి తిప్పి చెబుతున్నారు. అసలు నాలాంటివాళ్ళు ఏ పుస్తకం తీయాలి? నిజంగా అడుగుతున్నాను.

పద్మావతి (కాకినాడ)

తమ్ముడూ, మంచి ప్రశ్న వేశావు. ఆ పుస్తకాలు నీకు పట్టకపోవడం నీ లోపం కాదు. వాటిలో నువ్వు ఒప్పుకోలేని మనిషి ఒక్కడూ ఉండడు. అన్నీ గెలిచినవాళ్ళ ఉదాహరణలే. చెరువులో మందు పనిచేయని ఏడాది ఏం చేయాలో వాటికి తెలియదు.

నీకు నవల వద్దు, పదిహేను పేజీల కథ ఒకటి చాలు. దేవరకొండ బాలగంగాధర తిలక్ గారి "నల్లజర్ల రోడ్డు". తిలక్ గారిది మన తణుకే. రాత్రి, అడవి దారి, కారు ఆగిపోతుంది, ఒకాయన్ని పాము కరుస్తుంది. ఒక పేదవాడు సాయానికి వస్తాడు. ఆపదలో ఉన్నప్పుడు పెద్దమనుషులు ఇచ్చిన మాట, ఆపద దాటాక ఏమవుతుందో చూడు. నీ దగ్గర పనిచేసేవాళ్ళతో, నీకు సరుకు అరువిచ్చేవాళ్ళతో రోజూ నువ్వు చేసే లావాదేవీ ఇదే కదా. మనిషి ఎప్పుడు మాట తప్పుతాడో లెక్కల పుస్తకం చెప్పదు, ఈ కథ చెబుతుంది.

రమణి గారూ, మీకు నా జత వేరే. ఆడవాళ్ళు కూర్చుని చదువుకుంటున్నారు కాబట్టి చెబుతున్నాను. కందుకూరి వీరేశలింగం గారి "స్వీయ చరిత్ర"లో వితంతు వివాహాల భాగం. మొదటి పెళ్ళి 1881 డిసెంబరు 11న రాజమండ్రిలో జరిగింది. దానికోసం ఆయన ఎన్ని తిట్లు తిన్నారు, ఎవరు వెలివేశారు, ఎవరు వెన్నంటి నిలిచారు అన్నీ ఆయన మాటల్లోనే ఉన్నాయి. దాని పక్కన కొండపల్లి కోటేశ్వరమ్మ గారి "నిర్జన వారధి" పెట్టండి. ఆవిడ ఊహ తెలియని వయసులోనే వితంతువైంది. మళ్ళీ పెళ్ళయింది, ఉద్యమంలోకి వెళ్ళింది, అజ్ఞాతవాసం చేసింది. తర్వాత భర్త వదిలి వెళ్ళిపోయాడు. అప్పుడు చదువుకుని, మా కాకినాడలోనే హాస్టల్ మేట్రన్‌గా ఉద్యోగం చేసుకుంది. కన్నబిడ్డలిద్దరినీ పోగొట్టుకుంది. 2012లో ఆ పుస్తకం వచ్చేనాటికి ఆవిడకి తొంభై దాటాయి. 2018లో నూరేళ్ళు నిండి వెళ్ళిపోయింది.

మొదటి పుస్తకంలో పెళ్ళి చేయించిన మగవాడు మాట్లాడతాడు. రెండోదాంట్లో అలాంటి పెళ్ళి చేసుకున్న ఆడపిల్ల మాట్లాడుతుంది. ఆ మొదటి పెళ్ళికీ ఈ రెండో పుస్తకానికీ మధ్య దాదాపు నూటముప్పై ఏళ్ళు. మొదటిదాంట్లో ఆ పెళ్ళికూతుళ్ళు ఏమనుకున్నారో మనకి పెద్దగా వినపడదు. ఆ లోటు రెండో పుస్తకం చదివాకే నాకు తెలిసింది. నా స్టూడెంట్లకి నేను ఈ క్రమంలోనే ఇస్తాను.

ఒక్క మాట. "నిర్జన వారధి" చదివేటప్పుడు చివరి భాగాలు ఒక్క ఆదివారంలో పూర్తిచేయాలని చూడకండి. బరువైనవి. ఆగి చదవండి.

వనజ (యానాం)

నేను మాస్టారితో పూర్తిగా ఏకీభవించను. జతలు బాగున్నాయి, కానీ అందరూ మన జిల్లాల పుస్తకాలే చెబుతున్నారు. మన నేల మనకి తెలిసినదే కదా. రాయలసీమ, తెలంగాణ, ఉత్తరాంధ్ర ఎవరు చదువుతారు? మా చిన్నప్పుడు మా ఇంట్లో మొదట అందరి చేతా కన్నీళ్ళు పెట్టించిన పుస్తకం "ఏడు తరాలు". అమెరికాలో బానిసలుగా అమ్ముడుపోయిన ఆఫ్రికా కుటుంబం కథ, అలెక్స్ హేలీ రాశారు, సహవాసి గారు తెలుగు చేశారు. యానాంలో కూర్చుని చదువుతూ ఉంటే అది ఎక్కడో జరిగిందని అనిపించలేదు.

అలాగే డాక్టర్ కేశవరెడ్డి గారి "అతడు అడవిని జయించాడు". పందులు మేపుకునే ఒక ముసలాయన, ఈనబోయే పంది, అడవి, ఒక్క రాత్రి. ఆయనకి పేరు కూడా ఉండదు. చిన్న పుస్తకం. పైకి చదివితే రెండు మూడు ఆదివారాల్లో అయిపోతుంది. పూలు కట్టేవాళ్ళ చేతులు ఆగిపోతాయి, చూడండి. నవలలు వద్దన్న ఆ సగం మందికి ముందు ఇది ఇవ్వండి.

తణుకు మాస్టారు

వనజ గారూ, మీరన్నదాంట్లో న్యాయం ఉంది. కానీ మన నేల మనకి తెలిసిందేనన్న మాట దగ్గర మాత్రం నేను ఆగుతాను. కాలవ పక్కన పుట్టి ఆ కాలవ ఎవరు తవ్వారో తెలియకుండా జీవితమంతా గడిపేవాళ్ళమే ఎక్కువ. దగ్గరిది మనం చూసి చూసి చూడటం మానేస్తాం. "అతడు అడవిని జయించాడు" విషయంలో మీతో నేను వందకి వంద ఒప్పుకుంటాను.

కిరణ్ (మామిడికుదురు)

చాలాసేపటి నుంచి చదువుతున్నాను. ఒక విషయం చెప్పకుండా ఉండలేకపోతున్నాను. ఇప్పటిదాకా గోదావరి పుస్తకాలంటూ వచ్చినవాటిలో అగ్రహారాలు ఉన్నాయి, పండితులు ఉన్నారు, సంస్కర్తలు ఉన్నారు. ఈ పొలాల్లో దిగి పనిచేసినవాళ్ళు ఎక్కడ? పాలేర్లు, కూలీలు, ఊరవతల పేటలు ఎక్కడ? వాళ్ళు రాసిన పుస్తకాలు లేక కాదు. మనం చెప్పుకోవట్లేదు.

మా ఊళ్ళో 1911లో పుట్టిన బోయి భీమన్న గారి "పాలేరు" నాటకం చదవండి. పాలేరుగా ఉన్న కుర్రాడు చదువుకుంటే ఏమవుతుందో చెప్పిన నాటకం. మా తాతగారు దాన్ని చదవలేదు, చూశారు. రాత్రిపూట, పెట్రోమాక్స్ వెలుతురులో. అది చూశాకే మా పెదనాన్నని బడిలో వేశారని మా ఇంట్లో చెబుతారు. భీమన్న గారి "గుడిసెలు కాలిపోతున్నాయి" కావ్యానికి 1975లో సాహిత్య అకాడెమీ బహుమతి వచ్చింది.

మాస్టారు చెప్పిన జతల పద్ధతికి నా నుంచి ఒకటి. "మాకొద్దీ తెల్లదొరతనము" గరిమెళ్ళ సత్యనారాయణ గారి పాట అందరికీ తెలుసు. రాజమండ్రి కవి కుసుమ ధర్మన్న గారు దానికి దీటుగా "మాకొద్దీ నల్లదొరతనము" రాశారని ఎంతమందికి తెలుసు? తెల్లవాళ్ళు వెళ్ళిపోతే సరే, మమ్మల్ని మీరేం చేస్తారు అని ఆయన అడిగారు. "కొల్లాయిగట్టితేనేమి?" చదివిన వారమే ఇది కూడా చదవాలి. లేకపోతే ఆ రోజుల ఉద్యమం సగమే తెలుస్తుంది.

ఇంగ్లీష్ చదవగలిగినవాళ్ళు మీలో ఉంటే సుజాత గిడ్ల గారి "యాంట్స్ అమాంగ్ ఎలిఫెంట్స్" ఉంది. 2017లో వచ్చింది. వాళ్ళ కుటుంబం కథ, చాలా భాగం కాకినాడ, కోస్తా ఊళ్ళే. ఆవిడ మేనమామ కె.జి. సత్యమూర్తి, శివసాగర్ పేరుతో మనకి తెలిసిన కవి. ఒక దళిత క్రైస్తవ కుటుంబం చదువు కోసం ఏమేం భరించిందో చదువుతుంటే అది మా ఇంటి ఆల్బమ్‌లా అనిపించింది.

లంక రైతు (ముక్తేశ్వరం దగ్గర)

కిరణ్ బాబూ, నువ్వు చెప్పింది నిజం. ధవళేశ్వరం ఆనకట్ట కట్టించిన కాటన్ దొర గురించి ఎన్నో విన్నాం, ఊరూరా బొమ్మలు పెట్టుకున్నాం, అది న్యాయమే. ఆయనకి తోడుగా నిలిచిన వీణం వీరన్న గారి పేరు మా వైపు కొందరికైనా తెలుసు. తట్టలు మోసినవాళ్ళ పేర్లు మాత్రం నేను చదివిన ఏ పుస్తకంలోనూ కనపడలేదు. "పాలేరు" ఎక్కడ దొరుకుతుందో చెప్పు, మా మనవడికి కూడా చదివిస్తాను.

రమణి (రావులపాలెం)

కిరణ్ గారూ, మీ మాట మా వసారాలో చదివి వినిపించాను. మాలో అంగన్‌వాడీలో పనిచేసే ఒకావిడ వెంటనే "మొదట అదే కొనండి" అంది. ఆవిడ ఇంతకుముందు ఏ పుస్తకం గురించీ గట్టిగా అడగలేదు. ఎక్కడ దొరుకుతుంది?

గౌతమి ఒడ్డు (రాజమండ్రి)

పుస్తకాల షాపులో చాలాకాలం పనిచేశాను కాబట్టి దొరకడం గురించి, ఎంచుకోవడం గురించి నాకు తెలిసింది చెబుతాను.

"పాలేరు" లాంటి పాత పుస్తకాలు ఒక్కోసారి అచ్చులో ఉండవు. అలాంటప్పుడు కొనడానికి తిరిగే ముందు గ్రంథాలయం చూడండి. మనం కట్టే ఇంటి పన్నులో రూపాయికి 8 పైసలు గ్రంథాలయ సెస్సు పోతోంది, ఆ హక్కు మనది. మండలంలో శాఖా గ్రంథాలయంలో లేకపోతే పుస్తకం పేరు, రచయిత పేరు చీటీ మీద రాసి ఇచ్చి కొనమని అడగండి. అడిగేవాళ్ళు లేకే వాళ్ళు పోటీ పరీక్షల గైడ్లు తప్ప తెప్పించరు. రాజమండ్రి గౌతమీ గ్రంథాలయంలో పాత పుస్తకాల నిధి ఉంది, పట్టుదలగా వెతికితే దొరకనిది తక్కువ. కథలైతే శ్రీకాకుళంలో కాళీపట్నం రామారావు మాస్టారు పెట్టిన కథానిలయం వెబ్‌సైట్‌లో బోలెడు ఉచితంగా ఉన్నాయి. ఫోన్‌లో అక్షరం పెద్దది చేసుకోవచ్చు, చత్వారం ఉన్నవాళ్ళకి అదే సుఖం.

ఇక షాపులో పుస్తకం చేతికి తీసుకున్నప్పుడు. ముందుమాట చదవకండి, అది తర్వాత. మధ్యలో ఎక్కడో తెరిచి ఒక పేజీ చదవండి. మొదటి పేజీని ఎవరైనా చెక్కుతారు, నూట పదో పేజీలో రచయిత అసలు నడక తెలుస్తుంది. అనువాదమైతే మాటలు ఉన్న చోటు చూసి పెదవులతో చదవండి. ఆ మనుషులు మన ఇళ్ళల్లో మాట్లాడినట్టు మాట్లాడుతున్నారా, లేదా? "అతను తన తలను ఊపాడు" అని ప్రతి పేజీలోనూ ఉంటే కింద పెట్టేయండి. అనువాదకుడి పేరు లోపల ఎక్కడా లేకపోతే నాకు అనుమానమే. "సంక్షిప్త" అని చిన్న అక్షరాల్లో వేసి ఉందేమో కూడా చూడాలి. పెద్ద నవలని మూడో వంతుకి కోసేసి అదే పేరుతో అమ్మేవి ఉన్నాయి.

నిజం పుస్తకాలకి ఇంకొకటి. రాసినాయన అక్కడ ఉన్నాడా, ఉన్నవాళ్ళని అడిగాడా, కాగితాలు చూశాడా అన్నది మొదటి పది పేజీల్లో తెలియాలి. తెలియకపోతే ఎంత లావు పుస్తకమైనా నేను కొనను. చరిత్ర పేరుతో ఒకరి దగ్గర ఒకరు ఎత్తి రాసినవి గుట్టలుగా వస్తున్నాయి.

జనవరి మొదటి వారంలో విజయవాడ పుస్తక మహోత్సవానికి ఒకరిని పంపించగలిగితే డిస్కౌంట్ మీద కాస్త కలిసొస్తుంది.

శిరీష (పాలకొల్లు, ఇప్పుడు హైదరాబాద్)

మా అబ్బాయి ఎనిమిదో తరగతి. తెలుగు చదవడం వచ్చు, ఇష్టం లేదు. లెక్కలంటే ప్రాణం. వాడికి ఏమైనా?

తణుకు మాస్టారు

శ్రీపాద వారి "వడ్లగింజలు" కథ ఇవ్వమ్మా. చదరంగం ఆట మీద కథ. బల్ల మీద 64 గళ్ళు, మొదటి గడికి ఒక గింజ, తర్వాత గడికి రెండు, ఆ తర్వాత నాలుగు. చివరి గడికి ఎన్ని గింజలో వాణ్ణే లెక్కకట్టమని పేజీ మూసేయండి. గింజల లెక్క తేలాక కథ తనే అడుగుతాడు. సైన్స్ అంటే మహీధర నళినీమోహన్ గారి పుస్తకాలు. ఆయనదీ ముంగండే. క్యాలెండర్ ఎలా వచ్చిందో, పిడుగు ఎందుకు పడుతుందో పిల్లల పక్కన కూర్చుని చెప్పినట్టు రాశారు.

పద్మావతి (కాకినాడ)

ముళ్ళపూడి వెంకటరమణ గారి "కోతికొమ్మచ్చి" కూడా. నవ్వుతూ చదువుతాడు. తండ్రి పోయాక ధవళేశ్వరం నుంచి మద్రాసు వెళ్ళి పడ్డ కష్టాలు అందులో ఉన్నాయి, అవి ఆ వయసు పిల్లలకి తెలియాలి.

చెరువు గట్టు (భీమవరం)

పద్మావతి అక్కా, "నల్లజర్ల రోడ్డు" కథానిలయం సైట్‌లో వెతికి నిన్న రాత్రి చెరువు దగ్గరే చదివాను. ఆ రోడ్డు మీద నేను చాలాసార్లు వెళ్ళాను. చివరికి వచ్చేసరికి కోపం వచ్చింది, రచయిత మీద కాదు. మా దగ్గర ఒక కుర్రాడు కరెంటు షాక్ తగిలి ఆస్పత్రిలో ఉన్నప్పుడు ఒక పెద్దాయన ఇచ్చిన మాట గుర్తొచ్చింది. అంతకంటే ఇక్కడ రాయను.

తిలక్ గారి కథలు ఇంకా ఏమున్నాయి? అలాగే లంక రైతు గారూ, వ్యవసాయం మీద నిజం పుస్తకం మీరు చదివింది ఏదైనా చెప్పండి. ఎరువులోడు చెప్పేది కాకుండా.

లంక రైతు (ముక్తేశ్వరం దగ్గర)

జపాన్ ఆయన, ఫుకుఓకా గారిది, "గడ్డిపరకతో విప్లవం" అని తెలుగులో ఉందండి. దున్నకుండా, మందులు వేయకుండా వరి పండించిన మనిషి. కోసిన గడ్డిని మళ్ళీ అదే చేలో పరిచేస్తాడు. అందులో ఉన్నట్టే చేయాలని నేను చెప్పను. ఆయనదొక నేల, మనది నల్లమట్టి, కాలవ నీళ్ళు, రెండూ ఒకటి కాదు. మా బావమరిది ఒక మడిలో చూశాడు, కలుపు ఆపలేకపోయాడు. కానీ ప్రతి పనికీ ముందు "ఇది చేయకపోతే ఏమవుతుంది?" అని ఆయన అడుగుతాడు చూడండి, ఆ ప్రశ్న మీ చెరువుకీ పనికొస్తుంది. వేసే ప్రతి మందుకీ అడిగి చూడండి.

పద్మావతి (కాకినాడ)

తిలక్ గారివి "ఊరి చివర ఇల్లు" చదువు తమ్ముడూ. తర్వాత ఆయన కవిత్వం "అమృతం కురిసిన రాత్రి".

రమణి (రావులపాలెం)

అందరికీ చాలా థాంక్సండి. నిన్న కూర్చుని తేల్చుకున్నాం. కొనేవి నాలుగు: "కొల్లాయిగట్టితేనేమి?", "అనుభవాలూ జ్ఞాపకాలూనూ", "నిర్జన వారధి", "అతడు అడవిని జయించాడు". "పాలేరు" కోసం మా శాఖా గ్రంథాలయంలో చీటీ ఇచ్చాం. లైబ్రేరియన్ గారు రిజిస్టర్‌లో రాసుకుని, జిల్లా కేంద్రానికి పంపుతానన్నారు. ధర్మన్న గారి పాట కిరణ్ గారు సంపాదించి పంపుతారని ఆశ.

ముందు వనజ గారు చెప్పిన చిన్న నవలతో మొదలుపెట్టాం, లైబ్రరీలో దొరికింది. నవలలు వద్దన్నవాళ్ళలో ఒకావిడ పుస్తకం ఇంటికి తీసుకెళ్ళి, ఆదివారం దాకా ఆగకుండా చదివేసింది. అంటే ఇప్పుడు ఆవిడకి చివర తెలుసు, మాకు తెలియదు. చెప్పొద్దని ఒట్టు వేయించుకున్నాం.

గాంధీ గారి విషయంలో మాత్రం అప్పుడే రెండు పక్షాలయ్యాయి. మా పక్కింటి పిన్నిగారి తాతగారు రాట్నం వడికినాయన, ఖద్దరు కాదన్నాయన పుస్తకం నేను చదవనంటుంది. చదివి కాదను పిన్నీ అంటున్నాం.

ఇంకో సందేహం. "స్వీయ చరిత్ర" లైబ్రరీలోనే ఉంది, కానీ భాష గ్రాంథికం. పైకి చదివితే సగం మందికి ఎక్కట్లేదు. వదిలేయాలా?

తణుకు మాస్టారు

వదలొద్దు. పుస్తకం మొత్తం కూడా వద్దు. పద్మావతి గారు చెప్పిన వితంతు వివాహాల ప్రకరణాలు మాత్రం తీయండి. చదివేవారు ముందురోజు ఒకసారి చదువుకుని రావాలి. ఒక పేరా చదివి, పుస్తకం కింద పెట్టి, అదే మీ మాటల్లో చెప్పాలి. పెళ్ళివారికి వంట చేయడానికి మనుషులు దొరకని చోటు వస్తుంది, వెలి అంటే ఏమిటో అక్కడ ఎవరికీ అర్థం చెప్పక్కర్లేదు. మిగతా పుస్తకాల విషయానికి వస్తే, యాభై పేజీలు చదివాక ఎవరికీ పట్టకపోతే ఆపేసి ఇంకోటి తీయండి. పుస్తకం ఎక్కడికీ పోదు.

పిన్నిగారితో ఒక మాట చెప్పండి. శ్రీపాద వారు ఖద్దరు ఎందుకు వద్దన్నారో ఆవిడే చదివి, ఆవిడే జవాబు చెప్పాలి. ఆ ఆదివారం పైకి చదివే పని ఆవిడకే అప్పగించండి.

కిరణ్ (మామిడికుదురు)

ధర్మన్న గారి పాట మా లెక్చరర్ గారి దగ్గర ఉంది. కాపీ తీయించి శనివారం రావులపాలెం వస్తాను. "పాలేరు" పాత ప్రతి ఒకటి మా బంధువుల ఇంట్లో ఉందని తెలిసింది, అట్ట లేదు, లోపల పేజీలన్నీ ఉన్నాయట. దొరికితే అదీ తెస్తాను. లంక రైతు గారూ, మీరు చదివాక మీ మనవడి చేత రమణి గారికి పంపించండి.

లంక రైతు (ముక్తేశ్వరం దగ్గర)

తప్పకుండా బాబూ. రమణి గారూ, మా ఆవిడ మీ వసారాకి వస్తానంటోంది. ఎన్ని గంటలకి మొదలుపెడతారు?

రమణి (రావులపాలెం)

మూడింటికండి. బస్టాండు దగ్గర దిగి ఫోన్ చేయమనండి, మా అమ్మాయి స్కూటీ మీద వచ్చి తీసుకొస్తుంది.